కక్కయ్య కత్తి, బుజ్జి దేహం: ‘కల్కి 2898 ఏ.డి.’లో యంత్రచైతన్యం

మైదుకూరు సమీపంలోని బ్రహ్మంగారిమఠం పరిసరాల్లో కక్కయ్య కథ తెలియనివారు అరుదు. దేహంలోని షట్చక్రాల గురించి పోతులూరి వీరబ్రహ్మేంద్రస్వామి సిద్ధయ్యకు చేసిన బోధను కక్కయ్య విన్నాడు. వాటిని కళ్లారా చూడాలని భార్య శరీరాన్నే కోశాడు. రక్తమాంసాలు తప్ప మరేమీ కనిపించలేదు. స్వామి ఆమెను బ్రతికించాడని జనశ్రుతి. జర్మన్ తాత్త్వికుడు లైబ్నిజ్ ‘మోనడాలజీ’ (1714)లో చేసిన ఊహ దీనికి చాలా దగ్గరిది: ఆలోచించే యంత్రాన్ని మరంత పెంచి లోపలికి నడిచినా, ఒకదాన్నొకటి నెట్టుకొనే భాగాలే కనబడతాయి తప్ప అనుభూతి కనబడదు.

నాగ్ అశ్విన్ దర్శకత్వంలో 2024 జూన్ 27న విడుదలైన ‘కల్కి 2898 ఏ.డి.’ ఈ ప్రశ్నను తాకి, తప్పించుకుంటుంది. భైరవ వాహనానికి మెదడైన బుజ్జి కృత్రిమ మేధ. కీర్తి సురేష్ గళంతో మాట్లాడుతుంది, దెప్పుతుంది. దానికి చేతన ఉందా అని ఎవరూ విప్పి చూడరు. సంభాషణే రుజువు. 1950లో ట్యూరింగ్ సూచించిన పరీక్ష కూడా ఇలాంటిదే. అయితే ఇక్కడ పరీక్షించేవాడు లేడు, నవ్వే ప్రేక్షకుడున్నాడు.

చిత్రంలోని అసలు ఆలోచన పేర్లలో ఉంది. ‘బియు-జెజెడ్-1’ అనే సంకేతం తెలుగింటి ముద్దుపేరై ‘బుజ్జి’ అయింది. కాంప్లెక్స్‌లో బందీ అయిన గర్భవతికి మాత్రం ‘సమ్-80’ అన్న సంఖ్యే పేరు. ‘సుమతి’ అన్న పిలుపు తరువాత దక్కినది. యంత్రం వ్యక్తిగా, స్త్రీ యంత్రభాగంగా మారిన లోకమిది. గర్భాల నుంచి యాస్కిన్ కోసం ద్రవం తీసే ప్రయోగశాలలో కక్కయ్య కత్తి మరో రూపంలో కనిపిస్తుంది. కథలోనూ చిత్రంలోనూ జ్ఞానానికో, ఆయుష్షుకో కోతపడేది స్త్రీ దేహమే. (కక్కయ్య భార్య పేరు సాధారణంగా ఎవరికీ గుర్తుండదు.)

ఇంత బలమైన సామ్యాన్ని నిర్మించి కూడా చిత్రం దాన్ని వాడుకోలేదు. బహుమానం కోసం భైరవ సుమతిని వెంటాడుతున్నప్పుడు బుజ్జి అతని పక్షానే నిలుస్తుంది. ఒకప్పుడు తానూ సంకేతసంఖ్యే అయిన యంత్రం, మరో సంఖ్యను చూసి ఒక్క క్షణమైనా తడబడదు. యజమాని కోరికకు అడ్డుపడే సొంత కోరిక పుట్టినచోటే చేతన గురించిన చర్చ మొదలవుతుంది. ఆ తావులో రచన బుజ్జికి చమత్కారాన్ని ఇచ్చింది, సంశయాన్ని ఇవ్వలేదు.