నిషిజిన్ నేతపేటలో ఒక దినము

వస్త్రమును అంగడిలో చూచి మెచ్చుకొనుట సులభము. ప్రదర్శనశాలలో గాజుపలకల వెనుక చూచి దాని వయస్సును వన్నెను తెలిసికొనుట మఱింత సులభము. కాని, ఒక వస్త్రమునకు పలువురి చేతులును, ఒక పేటలోని పలు గృహములును కారణములైనప్పుడు, దానిని నిజముగా గ్రహింపగోరువాడు ఆ గృహముల నడుమ కాలినడకను తిరుగవలసినదే. జపాను దేశమున, క్యోటో నగరమునందలి పూర్వపు రాజప్రాసాదమునకు వాయవ్యమున నున్న నిషిజిన్ అట్టి పేట. ఇచట పట్టుపోగునకు పురి పెట్టువాడొకడు, రంగు వేయువాడొకడు, పడుగు సిద్ధము చేయువాడొకడు, చిత్రమును వ్రాయువాడొకడు, ఆ చిత్రమును మగ్గమునకు బోధపడు రంధ్రములుగా మార్చువాడొకడు, నేయువాడు వేఱొకడు. వీరందఱును ఇరుగుపొరుగు వీధులలో తమ తమ యిండ్లలోనే పనిచేయుచు, ఒకరు ముగించిన పనిని మఱియొకరికి అందించుచు, తుదకు అందఱును కలిసి కిమొనో దుస్తుపై చుట్టు ఒక్క నడికట్టును సృష్టింతురు. అందువలన తెలిసిన మార్గదర్శి వెంట ఉదయము మొదలు సాయంకాలము వఱకు ఈ పేటలో నడచుట యనగా పోగు వెంట బయలుదేరి వస్త్రమును చేరుకొనుటయే.

హొరికావా, ఇమదెగావా వీధులు కలియు కూడలి ఈ నడకకు అనువైన ఆరంభస్థానము. నేతసంఘము వారి భవనము అచటనే కలదు. కొంచెము ఉత్తరమునకు పోయినచో, ఇండ్ల నడుమ, యమనా సోజెన్ అను సేనాపతి నివసించిన తావును తెలుపు శిలాస్తంభమొకటి కానవచ్చును. 1467లో ఆరంభమై 1477 వఱకు నగరమును దహించిన ఓనిన్ యుద్ధమున పశ్చిమసేన ఈతని నాయకత్వమున ఇచట విడిసియుండెను; పశ్చిమ శిబిరము, అనగా నిషిజిన్, అను పేరే పేటకు నిలిచిపోయినది. నేత మాత్రము యుద్ధముకంటె ఎంతయో పురాతనము. 5, 6 శతాబ్దులలో కొరియా ద్వీపకల్పమునుండి వచ్చి ఈ మైదానమున స్థిరపడిన హతా వంశీయులు పట్టుపురుగుల పెంపకమును, నేతవిద్యను వెంట తెచ్చిరి. ఈ నగరము హెయాన్ రాజధానిగా వెలసిన పిదప ఆస్థానమునకు వస్త్రములు సమకూర్చు ప్రభుత్వశాఖ యిచట పనిచేసెను. ఆ శాఖ క్షీణింపగా నేతగాండ్రు తమలో తాము శ్రేణిగా కూడి స్వతంత్రముగా నేయసాగిరి. యుద్ధభీతిచే సకాయి రేవుపట్టణము మొదలగు తావులకు వలసపోయిన ఆ నేతగాండ్రు, శాంతి నెలకొనినంతనే మరలివచ్చి, సైన్యము విడిసిన నేలమీదనే మగ్గములు నిలిపిరి. 1730లో చెలరేగిన అగ్నిప్రమాదమున పేటలోని సుమారు 7000 మగ్గములలో 3000కు పైగా కాలిపోయినను వారు మరల నిలిపిరి. ఈ పేట చరిత్రను చదువువానికి తోచునది ఆ పట్టుదలయే.

ఇమదెగావా వీధివెంట పశ్చిమమునకు సాగి ఓమియా వీధిని చేరినచో, పూర్వము పట్టువర్తకులు నివసించిన కూడలి కనబడును. దినమునకు వేయి ర్యో నాణెముల విలువగల పట్టు ఇచట చేతులు మాఱెడిదని ప్రతీతి. దానికి తగినట్లే ఆ కూడలికి వేయి ర్యోల కూడలి యను పేరు కలదు. ఇటనుండి ఇరుకైన సందులలోనికి మరలినప్పుడు మార్గదర్శి మొదట చూపవలసినవి గృహములు. వీధివైపు సన్నని చెక్కకడ్డీల జాలకములతో ఇరుకైన ముఖమును మాత్రమే చూపు ఆ యిండ్లు లోపలికి మిక్కిలి పొడవుగా సాగిపోవును. ముందుభాగము బేరసారములకు, నడిమిభాగము నివాసమునకు, వెనుకభాగము మగ్గమునకు. ఆ వెనుకగదికి పై అంతస్తు ఉండదు. ఎత్తైన మగ్గమునకు చోటు కావలెను గనుక దూలముల వఱకు అంతయు తెఱపిగా విడువబడును. పైకప్పునందలి గవాక్షమునుండి వెలుతురు నేరుగా నేతమీద పడును. నేల మట్టిది, మట్టిలోని చెమ్మ పట్టుపోగు ఎండి తెగకుండ కాపాడును. గుంటమగ్గముల నెఱిగిన తెలుగు నేతవారికి ఈ యుపాయము ఒకరు వివరింపకయే బోధపడును.

ఇక దారపు సంగతి. గూటినుండి తీసిన పట్టుపోగునకు సహజమైన జిగురు పొర అంటియుండును. సబ్బు కలిపిన వేడినీట ఉడికించి దానిని తొలగింపగా పోగు బరువులో నాల్గవవంతు వఱకు తగ్గిపోవును, కాని పట్టునకు పేరుదెచ్చిన మెత్తదనమును మెఱపును అప్పుడే బయల్పడును. తరువాత రంగు. నేసిన బట్టమీద రంగులతో చిత్రించుట క్యోటోలోనే వర్ధిల్లిన యూజెన్ కళాకారుల మార్గము. నిషిజిన్ వారి మార్గము పోగునకే ముందుగా రంగు వేయుట. అందుచే చిత్రములోని ప్రతి ఛాయను మగ్గమెక్కుటకు ముందే నిశ్చయింపవలెను. నేసిన పిదప దిద్దుకొనుటకు తావు లేదు. రంగు వేయువాడు మాదిరి పోగును చెంత నుంచుకొని, కాగుచున్న తొట్టిలో రంగులను కొంచెము కొంచెముగా చేర్చుచు, తడిపోగు ఆఱిన పిదప ఏ ఛాయకు దిగునో ముందే యూహించి చేయి ఆపవలెను. 1976లో జపాను ప్రభుత్వము సాంప్రదాయిక శిల్పముగా గుర్తించినప్పుడు పేర్కొనిన 12 విధములగు నిషిజిన్ నేతలలో కసూరి యొకటి. పోగులను అక్కడక్కడ బిగించి కట్టి, రంగులో ముంచి, చిత్రమును పోగులోనే నిలుపు ఈ పద్ధతిని చూచినప్పుడు పోచంపల్లి, పుట్టపాక గ్రామముల చిటికి నేతను స్మరింపని తెలుగువాడుండడు.

రంగు దిద్దిన వేలకొలది పడుగుపోగులు ఒక యింట సరిచేయబడుచుండగా, ఇంకొక యింట చిత్రము వేఱొక రూపము దాల్చుచుండును. చిత్రకారుడు కుంచెతో స్వేచ్ఛగా గీసిన పూరెమ్మను లేఖకుడొకడు గళ్ల కాగితముమీదికి ఎక్కించును. ఒక్కొక గడి పడుగు పేకలు కలిసికొను ఒక్కొక స్థానము. వంపుగీత గళ్లమీద మెట్లు మెట్లుగా విఱిగిపోవును. ఏ గడియొద్ద మెట్టును తిప్పినచో చూచువాని కంటికి అది మరల వంపుగానే తోచునో, ఏ పోగు ఎంత దూరము తేలియున్నచో రేకునకు నిగ్గు వచ్చి, మఱికొంత తేలినచో అదే పోగు జాఱి చిక్కుపడునో ఎఱుగుట ఏండ్లతరబడి సాధింపవలసిన విద్య. ఆ గళ్లనుబట్టి అట్టలకు రంధ్రములు పొడువబడును. ఒక్కొక అట్ట ఒక్కొక పేక నడకను శాసించును. ఒక్క నడికట్టునకే వేలకొలది అట్టలు అవసరమగుట సామాన్యము. ఇటీవలి దశాబ్దులలో అట్టలకు బదులుగా కంప్యూటరు ఆ యాజ్ఞలను మోయుచున్నను, గడిని నింపు వివేకము మాత్రము మనుష్యునిదే.

ఈ అట్టల వెనుక ఒక సాహసగాథ కలదు. పూర్వము చిత్రపునేతకు ఇద్దఱు కావలసియుండెడివారు: క్రింద నేయువాడొకడు, మగ్గముపైన, దూలముల నడుమ కూర్చుండి, చిత్రము ననుసరించి కావలసిన పడుగుపోగులను చేతితో పైకి లాగువాడొకడు. 1869లో చక్రవర్తి టోక్యోకు తరలిపోగా, ఆస్థానమునే నమ్ముకొనిన నిషిజిన్‌కు ప్రధాన పోషకులు కఱవైరి. అట్టి విపత్తులో 1872లో క్యోటో పాలకులు సకురా త్సునెషిచి, ఇనొఉయె ఇహెయి, యోషిదా చూషిచి అను మువ్వురను ఫ్రాన్సులోని లియాన్ నగరమునకు పంపిరి. భాష తెలియని దేశమున, మగ్గమే తమకు తెలిసిన భాషగా, వారు రంధ్రముల అట్టలతో పడుగుపోగులను లేపు జాకార్డు యంత్రమును, త్రాడు లాగగనే నాడెను పరుగెత్తించు సాధనమును అభ్యసించిరి. ఇద్దఱు యంత్రములతో మరలివచ్చిరి; మఱికొంత నేర్వగోరి వెనుక నిలిచిన యోషిదా, 1874లో స్వదేశపు తీరము చేరువలోనే ఓడ మునిగి ప్రాణములు కోల్పోయెను. 1877 నాటికి అరాకి కోహెయి అను శిల్పి ఆ యంత్రమును కొయ్యతో స్వదేశముననే నిర్మించెను. వేయేండ్ల సంప్రదాయము తన రక్షణకై పరదేశపు యంత్రమును శిష్యభావముతో స్వీకరించుటలో నాకు పతనము కనబడదు, ఆత్మవిశ్వాసమే కనబడును. అంతకు చాల ముందే, డచ్చి వర్తకులు మచిలీపట్టణము మొదలగు కోరమాండల్ రేవులనుండి అద్దకపు వస్త్రములను జపానునకు చేరవేయుచుండిన కాలమున, ఈ నగరవాసులు పరదేశపు నేతలను తమ ఉత్సవములలోనికి ఆహ్వానించియుండిరి: గియోన్ ఉత్సవమున మినామి కన్నోన్ రథమునకు చెందిన వస్త్రములలో 1684 నాటి లేఖనము గల భారతీయపు అద్దకపు వస్త్రమొకటి కలదు.

ఈ పేటలోని నేతపద్ధతులలో రెండింటిని మాత్రము నిలిచి చూడవలెను. మొదటిది హికిహాకు. మన సరిగ యనగా పోగుమీద వెండితీగను చుట్టి బంగారు పూత పెట్టినది. ఇచట బంగారమును మోయునది కాగితము. చేతితో చేసిన జపాను కాగితముపై లక్కవంటి చెట్టుజిగురు పూసి, పలుచని బంగారు రేకును అతికించి, కొన్నిట రంగులతో మబ్బులను, అలలను తీర్చి, ఆ పుటను సెంటీమీటరు వెడల్పునకు 20కి పైగా పోగులు వచ్చునట్లు సన్నముగా కోయుదురు. నేయువాడు కొక్కెముగల వెదురుకడ్డీతో ఒక్కొక్క పోగును పడుగు నడుమనుండి లాగి, మొదటి వరుస తరువాత రెండవ వరుస అను క్రమము తప్పకుండ, ఏ పోగును వెనుకకు తిరుగనీయకుండ చేర్చుకొనుచు పోవలెను. కోయుటచే చీలిపోయిన మబ్బు నేతచే మరల అతుకుకొని వస్త్రముపై నిలుచును. ఇట్టి నేతలలో పలుమాఱు వస్త్రపు వెనుకవైపే నేతగాని యెదుట నుండును. ముఖమును క్రింద అద్దము పట్టి చూచుకొనవలసినదే.

రెండవది త్సుజురె. దీనికి జాకార్డుతో పనిలేదు. చిత్రము వ్రాసిన కాగితము పడుగు క్రింద నుండును; ఒక్కొక వర్ణమునకు ఒక్కొక చిన్న నాడె; పేక వస్త్రపు వెడల్పంతయు పోక తన వర్ణమున్న మేరకే పోయి మరలివచ్చును. నేతగాడు తన చేతిగోళ్లను ఆకురాయితో ఱంపపుపండ్లవలె గాట్లు పెట్టుకొని, ఆ గోళ్లతోనే పేకను లాగి బిగించును. చిక్కని చిత్రమైనచో దినమంతయు శ్రమించినను ముందుకు సాగునది కొలది సెంటీమీటర్లు మాత్రమే. గోళ్లనే పనిముట్లుగా చేసికొనిన ఈ నేతను చూచినవాడు వస్త్రపు వెలను గూర్చి మరల తొందరపడి మాటాడడు.

మధ్యాహ్నము పిదప నడక పశ్చిమమునకు సాగవలెను. సెంబోన్ వీధి దాటిన పిదప దైహోఓన్‌జి ఆలయము కలదు. 1227లో నిర్మితమైన దాని ప్రధానమందిరము ఓనిన్ జ్వాలలను దాటి నిలిచినది. నాటి ఆయుధముల గాట్లని చూపబడు గుఱుతులు నేటికిని దాని స్తంభములపై కలవు. అటుపై, నేతయజమానులు అతిథులను తోడ్కొనివచ్చిన కమిషిచికెన్ నాట్యగృహముల వీధి. దాని చెంతనే 947లో వెలసిన కితానో తెమ్మాంగూ దేవాలయము. ప్రతినెల 25వ తేదీన ఆ దేవాలయమున జరుగు సంతలో పాత నడికట్టులు గుట్టలుగా అమ్మకమునకు వచ్చును. ఉదయమంతయు నేతను అభ్యసించిన కన్ను అచట ఏది త్సుజురెయో, ఏది బంగారు కాగితమో వేఱుపఱుపగలుగుటయే యీ నడక ఫలము. ఓపిక మిగిలినవారు ఉత్తరమున నున్న ఇమామియా దేవాలయమునకు పోవచ్చును. నిషిజిన్ వారి రక్షకదైవము అచటనే. ఆ ప్రాంగణమున నేతదేవతకు ప్రత్యేకమైన చిన్న గుడియు కలదు. ద్వారము చెంత ఎదురెదురుగా నున్న రెండు పాత అంగళ్లలో, పుల్లలకు గ్రుచ్చి బొగ్గులపై కాల్చి తీపి పులుసులో ముంచిన బియ్యపుముద్దలు యాత్రికుని అలసటను తీర్చును.

ఇట్లు నడచినవానికి నిషిజిన్ బలమును, దాని బలహీనతయు ఒక్కటేయని తెలియును. పని ఇన్ని చేతులకు పంచబడుటచేతనే ఒక్కొక్క చేయి తన చిన్న పనిలో ఇంతటి నైపుణ్యమును సాధించినది. అందుచేతనే ఒక్క చేయి ఆగినను వస్త్రము ఆగిపోవును. కిమొనో ధరించువారు తగ్గిరి, పనివారు వృద్ధులైరి, నిషిజిన్ యజమానులకై జరుగు నేతలో అధికభాగము తాంగో ద్వీపకల్పపు ఇండ్లకు చేరినది. గట్టి ఓకు కలపతో నాడెలు చెక్కువారును, పడుగును సమముగా నిలుపు దువ్వెనలు కట్టువారును వేళ్లమీద లెక్కింపదగినంతమంది మాత్రమే మిగిలిరి. నేతగాని పేరు వస్త్రము వెంట పోవచ్చునేమో గాని నాడె చేసిన వడ్రంగి పేరు ఎచటికిని పోదు. అయినను అతడు లేనిచో నేత లేదు.

కనుక మంచి మార్గదర్శి కొలది మందినే వెంట గొనిపోవును. ముందుగా అనుమతి పొందిన యిండ్లలోనే అడుగిడును. పనివాని చేయి ఆగిన సమయముననే ప్రశ్నింపనిచ్చును. ఈ మర్యాదలు నేతవారి కాలమునకు చూపు గౌరవము. చూచువారు పెరిగినంత మాత్రమున పేట బ్రదుకదు. చూచినవారు విలువ నెఱిగి కొనునప్పుడు, కొనలేనివారు సైతము ఆ విలువను ఇతరులకు చెప్పగలిగినప్పుడు బ్రదుకును. సంప్రదాయమును కాపాడుట యనగా తుదకు సిద్ధమైన వస్త్రమును పొగడుట మాత్రమే యని భావించు మనవంటి నేతసీమల వారికి నిషిజిన్ చెప్పునది యిది: వస్త్రమును నిలుపగోరిన సమాజము ముందుగా నాడె చేయువానికి, పోగు దిద్దువానికి, గడి నింపువానికి పనియు, కూలియు, శిష్యులును ఉండునట్లు చూడవలెను.