సెల్యూట్ కొట్టని కానిస్టేబుల్

చంపాపేట్‌లో నేను క్షవరానికి వెళ్లే సెలూన్లో టీవీ ఎప్పుడూ మోగుతూనే ఉంటుంది. ఈ ఆదివారం ‘టెంపర్’ వస్తోంది. లంచగొండి ఎస్సై ఎన్టీఆర్ ఎదురుగా ముసలి కానిస్టేబుల్. సెల్యూట్ కొట్టడు. కుర్రాడి కత్తెర నా చెవి పక్కనే ఆగిపోయింది. ‘‘జూడున్రి సార్, కొట్టడు’’ అన్నాడు, మొదటిసారి చూస్తున్నట్టు.

ఆ పాత్ర పేరు నారాయణమూర్తి. వేసింది పోసాని. పూరి జగన్నాథ్ ముందు అడిగింది మాత్రం అసలు నారాయణమూర్తినే, మన ఆర్. నారాయణమూర్తిని. ఆయన వెయ్యనన్నారు. ఆ ‘వెయ్యను’ని నేనెన్నిసార్లు నెత్తిన పెట్టుకున్నానో ఈ కాలమ్ పాత పాఠకులకు కంఠతా వచ్చు. జూనియర్ ఆర్టిస్టుగా మొదలై, 1986లో ‘అర్ధరాత్రి స్వతంత్రం’ సొంతంగా తీసి, అప్పట్నుంచీ భూమి, దొర, కూలీల చుట్టూనే తిరిగిన మనిషి. మిగతావాళ్లు కులం కథను ఒక్క సినిమాకి అరువు తెచ్చుకుని, ప్రీ రిలీజ్ ఫంక్షన్లో కళ్లు తుడుచుకుంటారు.

సెలూన్ కుర్రాణ్ని అడిగాను, నారాయణమూర్తి ‘ఎర్రసైన్యం’ చూశావా అని. లేదట. ‘ఒరేయ్ రిక్షా’? సినిమా తెలీదు, ‘‘చెల్లె పాట’’ తెలుసట. అవును మరి. 1995లో దాసరి తీసిన సినిమా అది. పాట గద్దర్ రాశాడు, వందేమాతరం శ్రీనివాస్ పాడాడు. ఆ పాటకు నంది ఇస్తే గద్దర్ వద్దన్నాడు. పాట మాత్రం ఎవర్నీ వద్దనలేదు. సాగర్ రోడ్డు పొడుగునా ఉన్న మా ఫంక్షన్ హాళ్లలో అప్పగింతల వేళ ఇప్పటికీ అదే. మొన్నో పెళ్లిలో ఒంటినిండా బంగారమున్న పెద్దమనిషి, పొలం కౌలుకిచ్చి నగరంలో వడ్డీలు తిప్పేవాడు, ఆ పాటకి వెక్కివెక్కి ఏడ్చాడు. వీడికెందుకీ పాట అని ఒళ్లు మండింది. తర్వాత అనిపించింది, వీడి దాకా ఇంకే దారిన వెళ్తుంది?

అక్కడే, వెయ్యననడమే గొప్పన్న నా పాత వాదన బీటలు వారింది. అమెరికా నల్లజాతి గాయకుడు పాల్ రోబ్సన్, నల్లవాళ్ల దైన్యాన్ని తెల్లవాళ్లు రాసిన ‘షో బోట్’ అనే సంగీత నాటకంలో వేషం కట్టాడు. అందులో పాటే తర్వాత కచేరీల్లో మాటలు మార్చి, అలసటను తీసేసి పోరాటం పెట్టి పాడాడు. ఎదుటివాడి ఇంట్లోకి వెళ్లి సామాను సర్దేశాడు.

నారాయణమూర్తి ఆ కానిస్టేబుల్ వేషం వెయ్యాల్సింది. ఎస్సై మారాక కొట్టే సెల్యూట్ మాత్రం కొట్టనని షరతు పెట్టాల్సింది. పూరి ఒప్పుకునేవాడా అంటే, అది పూరి తలనొప్పి.