ఒక రాత్రి, ఒక గది

జపాను దర్శకుడు ఒజు యసుజిరో 1930లో షోచికు సంస్థకు తీసిన ‘ఆ రాత్రి భార్య’ అను మూగచిత్రమును ఇటీవల చూచితిమి. నిడివి గంటకు కొంచెము మించును. మాట వినరాదు, అయినను పరభాషల నడుమ తరతరములుగా బ్రతుకుచున్న మనకు మొగము జూచి మనసు తెలిసికొనుట కొత్త విద్య కాదు గదా!

షూజి యను పేద చిత్రకారుడు, జబ్బుపడిన కూతురి మందునకై ఒక కార్యాలయమును దోచి, టాక్సీలో ఇల్లు చేరును. ఆ టాక్సీ నడిపినవాడే డిటెక్టివు. ఈ రాత్రి గడచినచో బిడ్డ బ్రతుకునని వైద్యుడు చెప్పియున్నాడు. కావున భార్య మయూమి భర్త పిస్తోలును, పిదప డిటెక్టివు పిస్తోలును చేతబట్టి, తెల్లవారువరకు అతనిని కదలనీయక కూర్చుండును.

దోపిడీ త్వరలోనే ముగియును. తక్కినదెల్ల దాదాపు ఆ గదియే. గోడలపై విదేశీ చిత్రముల ప్రకటనలు, మంచముపై పసిబిడ్డ, కిమోనో ధరించిన ఇల్లాలి రెండు చేతులలో రెండు పిస్తోళ్లు. నిద్రతో ఆమె కన్నులు మూతపడుచుండగా మా గుండె ఆగినంత పనియైనది. మయూమిగా యగుమో ఎమికో నటన మరపురానిది. నగదుపెట్టె తాళములను యేండ్లతరబడి మొలకు కట్టుకొని తిరిగిన మాబోటి గుమాస్తాలకు దొంగ యనగానే లెక్క తోచునుగాని మనిషి తోచడు. ఇచ్చట మనిషే తోచెను.

పతనము షూజి యొక్కనిది కాదు. సాయంకాలమున తప్పు చేసినవాడు ఒక్కడు. తెల్లవారునప్పటికి నిరపరాధియైన ఇల్లాలు అధికారిపై పిస్తోలు గురిపెట్టినది. అధికారి మెలకువగానుండియే నిద్ర నటించి దొంగకు దారి విడిచినాడు. పేదరికము ముగ్గురిని తాకినది.

అయినను మాకొక అసంతృప్తి కలదు. షూజి కెందుకు పనిలేకపోయెనో చిత్రము చెప్పదు. 1929లో ఆరంభమైన ఆర్థికమాంద్యము జపానును క్రుంగదీయుచున్న కాలమది. డిటెక్టివు దయతో దర్శకుడు లెక్క చెల్లువేసినాడు. ఆయనయే 1935లో తీసిన ‘టోకియోలో ఒక సత్రము’నందు ఆ కొరత లేదు. అందు కిహాచి ఇద్దరు కొడుకులతో పనికై కర్మాగారముల చుట్టు తిరుగును. రాత్రి కూడో గూడో యొక్కటే కొనగలరు. అతడును పరుల బిడ్డ వైద్యమునకై దొంగిలించును. కాని ఆకలి నంతయు చూచిన పిదప, చివరనే ఆ దొంగతనము వచ్చును. అందుచే ఎక్కువ నొప్పించును.

పారిపోయిన షూజి మాత్రము తనంతట మరలివచ్చును. బిడ్డకు గండము గడచినది. అప్పుడు మయూమి మొగమున కనబడినది సంతోషమో దుఃఖమో మేము పోల్చుకొనలేకపోతిమి.