'అబ్సెస్డ్' : హోదా నీడలో ప్రణయం

కొరియా దర్శకుడు కిమ్ దే-ఊ 2014లో రూపొందించిన 'అబ్సెస్డ్' చిత్రానికి మాతృభాషలోని పేరు 'ఇన్‌గాన్ జుంగ్‌దోక్'. మనిషి పట్ల వ్యసనం అని దాని స్థూలార్థం. కథాకాలం 1969. దక్షిణ కొరియా 1964-1973 మధ్య మూడు లక్షలకు పైగా సైనికులను వియత్నాం యుద్ధానికి పంపింది. ఆ యుద్ధం నుండి వీరుడనే కీర్తితోను, మానని మనోగాయంతోను తిరిగి వచ్చిన కల్నల్ కిమ్ జిన్-ప్యోంగ్, తన కింద పనిచేసే కెప్టెన్ భార్య గా-హున్‌ను ప్రేమించడమే ఇతివృత్తం.

శృంగార సన్నివేశాల వల్ల ఈ చిత్రానికి ప్రచారం లభించింది గాని, దాని అసలు బలం సైనికాధికారుల నివాస ప్రాంగణాన్ని చిత్రించిన తీరులో ఉంది. అక్కడ భర్తల హోదాయే భార్యల హోదా. ఎవరు ఎవరి ముందు తలవంచాలో, సైనిక వైద్యశాలలో సేవకు ఎవరు ముందు కదలాలో భుజకీర్తులే నిర్ణయిస్తాయి. కల్నల్ భార్య సుక్-జిన్‌కు దాంపత్యమంటే భర్తను జనరల్‌ను చేసే కార్యక్రమం. కెప్టెన్‌కు పై అధికారి ప్రాపకమే ముఖ్యం. ఈ చిత్రం విడుదలైన నాటికి కొరియాలో వ్యభిచారం ఇంకా నేరమే. రాజ్యాంగ న్యాయస్థానం ఆ చట్టాన్ని 2015లో గాని కొట్టివేయలేదు. అయినా ఈ పాత్రలను వెంటాడే భయం చెరసాల కాదు, ఆగిపోయే పదోన్నతి. సుక్-జిన్‌గా నటించిన చో యో-జోంగ్, ఇదే దర్శకుని 'ది సర్వెంట్' (2010)లో కొరియా జానపద నాయిక చున్‌హ్యాంగ్ పాత్రధారిణి. మర్యాద మాటున లెక్కలు వేసుకొనే స్త్రీని ఆమె ఇక్కడ హాస్యపు అంచున నిలిపి పోషించింది. ప్రేమికులిద్దరి కన్నా ఆమెయే ఎక్కువ సజీవంగా కనబడుతుందనడం అతిశయోక్తి కాదు.

ఇంత నిశితంగా హోదాను పరిశీలించిన చిత్రం, ప్రేమకథలోకి అడుగుపెట్టగానే దానిని మరచిపోతుంది. భర్త భవిష్యత్తు ఎవరి సంతకం మీద ఆధారపడి ఉందో ఆ అధికారి ప్రేమను యాచిస్తే, కాదనే స్వేచ్ఛ గా-హున్‌కు ఎంత? దర్శకుడు ఈ ప్రశ్నను అడగడు. వైద్యశాలలో ఆమెను బందీగా పట్టిన సైనికుని బారి నుండి కల్నల్ కాపాడే ఘట్టంతో ఆ ప్రశ్నకు ముందే తెర దించుతాడు. రక్షకునిగా పరిచయమైన వానిలో అధికారి కనబడడు. పక్షుల పంజరాల నడుమ గా-హున్ మౌనాన్ని కెమెరా సౌందర్యంగానే చూస్తుంది. ఆ మౌనం ఆశ్రితురాలి జాగ్రత్త కూడా కావచ్చునన్న ఊహ దానికి రాదు. పంజరం ప్రతీక ఎలాగూ పాతదే.

చివరలో మాత్రం ఒక పగులు కనబడుతుంది. సర్వం త్యజించడానికి సిద్ధపడిన కల్నల్‌తో, తన ఇష్టం అన్నిటినీ వదులుకొనేంతటిది కాదని గా-హున్ చెబుతుంది. చిత్రమంతటిలో ఆమె తన బ్రతుకును తాను తూచి చెప్పిన మాట అదొక్కటే. కోల్పోవడానికి హోదా ఉన్నవాడు త్యాగం చేయగలడు. నిలువ నీడయే ఆస్తిగా గలవారికి ఆ విలాసం లేదు. ఈ తేడాను చిత్రం ఇక్కడ అప్రయత్నంగా తాకింది. కాని అంతలోనే కల్నల్ తుపాకిని తన గుండెకు గురిపెట్టుకొంటాడు. ప్రేక్షకుని కన్నీరు ఆయన వైపు మళ్లుతుంది. గా-హున్ ఆ మాట ఎందుకు అన్నదో విచారించేందుకు చిత్రంలో ఎవరికీ తీరిక ఉండదు.