నేల కోత, బతుకు కోత

దున్నిన చాళ్లు గుమ్మం దాకా వచ్చి ఆగాయి. వాటి నడుమ ఓ చెక్క ఇల్లు, అందులో మనిషి అలికిడి లేదు. 1938లో టెక్సాస్‌లోని చిల్డ్రెస్ కౌంటీలో డొరోతియా లాంగ్ తీసిన ఫొటో ఇది. కౌలు రైతును వెళ్లగొట్టి ట్రాక్టరు పెరటిని కూడా పొలంలో కలిపేసుకున్న సంగతి ఆ చాళ్లే చెబుతాయి.

అమెరికా మధ్య మైదానాల్లో గడ్డి నేలల్ని గోధుమ కోసం ఎడాపెడా దున్నేశారు. మట్టిని పట్టి ఉంచే వేళ్లు పోయాయి. 1930ల్లో కరవు వచ్చేసరికి పైమట్టి దుమ్ము తుపానై లేచిపోయింది. కరవు, అప్పులు, యంత్రాలు ఏకమై రైతు కుటుంబాలను కాలిఫోర్నియా తోటల్లో కూలికి తరిమాయి. శాన్‌ఫ్రాన్సిస్కోలో ఉన్నవాళ్ల ఫొటోలు తీసే స్టూడియో నడిపిన లాంగ్, 1935 నుంచి ప్రభుత్వం తరఫున ఈ వలస దారులు పట్టారు.

ఆవిడ చాటుగా ఫొటో తీసే రకం కాదు. చేతిలోని గ్రాఫ్లెక్స్ కెమెరా దాచిపెడదామన్నా దాగేది కాదు. చిన్నప్పటి పోలియో వల్ల కుంటుతూ, నింపాదిగా డేరాల మధ్యకు వెళ్లి ముందు మాట కలిపేవారు. భర్త పాల్ టేలర్ వ్యవసాయ ఆర్థికవేత్త. ఏ ఊరు, ఏం పంట, కూలి ఎంత అని ఆయన అడుగుతుంటే ఆవిడ ఫొటోలు తీసేవారు. విన్న మాటలను మరచిపోకముందే, ఎవరి యాసలో వాళ్లవిగా రాసిపెట్టుకునేవారు. 1939లో దంపతులిద్దరూ తెచ్చిన ‘యాన్ అమెరికన్ ఎక్సోడస్’ పుస్తకంలో ఫొటోల పక్కన వలసజీవుల మాటలకూ చోటు దక్కింది. నేలతో పాటు మనుషులూ కోతకు గురవుతున్నారన్నది ఆ పుస్తకం వాదన.

ఈ పద్ధతి విలువ అది తప్పిన చోటే బాగా తెలుస్తుంది. 1936 మార్చిలో కాలిఫోర్నియాలోని నిపోమో దగ్గర చలికి బఠానీ పంట పోయి కూలీలు చిక్కుకుపోయారు. అక్కడ ఓ తల్లిని లాంగ్ గబగబా ఫొటోలు తీశారు, పేరు అడగలేదు. ఆ ఫొటో ‘మైగ్రెంట్ మదర్’ పేరుతో లోకమంతా తిరిగింది. 1978లో ఫ్లోరెన్స్ ఓవెన్స్ థాంప్సన్ బయటికొచ్చి, ఆ తల్లి తానేనని, ఫొటో వల్ల తనకు పైసా రాలేదని చెప్పారు.

ఆ తల్లి ఫొటో తీసిన ఇరవై ఏళ్ల తర్వాత లాంగ్ మరో నష్టాన్ని నమోదు చేశారు. మోంటిసెల్లో ఆనకట్ట కింద కాలిఫోర్నియాలోని బెర్రియెస్సా లోయ మునగబోతోంది. 1956, 57లలో పర్కిల్ జోన్స్‌తో కలిసి చివరి కోతలను, నేలకూల్చిన చెట్లను, తవ్వి తరలించిన సమాధులను, బెదిరి పరుగెత్తే గుర్రాన్ని ఫొటో తీశారు. పని పురమాయించిన ‘లైఫ్’ పత్రిక వాటిని వేయలేదు. 1960లో ‘అపర్చర్’ తన సంచికను వాటికి కేటాయించింది.

1935-44 మధ్య ప్రభుత్వం తీయించిన లక్షా డెబ్బై వేలకు పైగా నెగటివ్‌లు అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో ఉన్నాయి. ఎవరైనా చూడొచ్చు, వాడుకోవచ్చు. శ్రీశైలం, పోలవరం ముంపులు ఎరిగిన మనకు లాంగ్ పద్ధతి అక్కరకొచ్చేదే. ఖాళీ అవుతున్న ఊరికి కెమెరాతో వెళ్లేవాళ్లు జేబులో నోటుబుక్కు కూడా పెట్టుకోవాలి. ఎవరి పొలం, ఏ పంట, ఎటు పోతున్నారు అన్నవి రాసుకోవాలి. అన్నిటికంటే ముందు పేరు అడగాలి.