మేడ మెట్ల మీద ఇంటి గుట్టు

కొరియా దర్శకుడు కిమ్ కి యంగ్ 1960లో తీసిన నలుపు తెలుపు చిత్రం 'ద హౌస్‌మెయిడ్'. ఫ్యాక్టరీ అమ్మాయిలకు సంగీతం నేర్పే మాస్టారు, భార్య, పిల్లలు. రాత్రింబవళ్లు మిషన్ కుట్టి ఆ ఇల్లాలు కూడబెట్టిన డబ్బు కలిస్తేనే రెండంతస్తుల మేడ లేచింది. ఒళ్లు హూనమై, చాకిరీకి ఒక పనమ్మాయిని పెట్టుకున్నారు. మాస్టారికీ ఆమెకూ మధ్య ఏం జరిగిందో దర్శకుడు మన దగ్గర దాచడు. దాచే పాట్లన్నీ ఇంట్లోవాళ్లవే. బయటికి పొక్కితే ఉద్యోగం ఊడుతుంది, పరువు పోతుంది. ఆ భయంతో భార్యే మొగుణ్ని పనమ్మాయి గదికి పంపేదాకా వస్తుంది. నన్ను ఎక్కువగా కలచివేసేది ఆ ఇల్లాలి లెక్కే.

పనితనమంతా ఆ ఇంటి కట్టుబడిలో ఉంది. కింద వంటిల్లు, కుట్టు మిషన్. పైన పియానో గది, దాని పక్కనే పనమ్మాయి గది. రెంటికీ బాల్కనీ వైపు గాజు తలుపులే. కెమెరా బయటే ఉండి, గాజు వెంబడి ఒక గది నుంచి మరో గదికి పక్కగా జరుగుతుంది. లోపల పియానో మోగుతుంటే బయట ఆ అమ్మాయి పొంచి చూస్తుంటుంది. గుట్టుగా బతకాలనుకున్నవాళ్లకు ఇలాంటి ఇల్లు కట్టిపెట్టడంలోనే ఉంది దర్శకుడి తెలివి.

మధ్యలో మెట్లు. చంకకర్రలతో నడిచే కూతురికి అవి రోజూ పరీక్షే. ఇంకోవైపు వంటింటి అలమరలో ఎలకల మందు. అది ఇంట్లో ఉందని తెలిశాక ఏ గ్లాసు చూసినా మనకు గుండె దడే. ఈ రెంటినీ ఒకచోట కలిపిన సన్నివేశం ఒకటుంది: నీళ్లు తాగిన పిల్లవాడితో అందులో విషం కలిపానంటుంది పనమ్మాయి. వాడు బెదిరి పరుగెత్తి మెట్ల మీంచి పడిపోతాడు. విషం కన్నా ముందు మాటే చంపేసింది. ఆ పిల్లవాడు, తర్వాత పెద్ద నటుడైన ఆన్ సంగ్ కి.

లీ ఊన్ షిమ్ పనమ్మాయిని ఉత్త రాక్షసిగా ఆడలేదు. ఎలుకను ఉత్తచేత్తో పట్టుకున్నప్పుడు ఆమె ముఖంలో పల్లెపిల్ల ధీమాయే కనిపిస్తుంది. చివర్లో మాస్టారు మనవైపు తిరిగి చేసే హితబోధ మాత్రం నాకు అతుకులా అనిపిస్తుంది. అంత దూరం తీసుకెళ్లిన కథకు ఆ సర్దుబాటు అక్కర్లేదు.

'పారసైట్' తీసిన బాంగ్ జూన్ హో ఈ చిత్రానికి తన రుణం చెప్పుకున్నాడు. అసలు నెగటివ్‌లో రెండు రీళ్లు పోతే, చేతిరాత ఇంగ్లిష్ సబ్‌టైటిళ్లున్న పాత ప్రింటు నుంచి వాటిని తీసుకుని, ఆ అక్షరాలు చెరిపి 2008లో సినిమాను బాగుచేశారు. అక్కడక్కడా బొమ్మ మసకబారుతుంది, చూడ్డానికి అడ్డేమీ కాదు.