బేబెలు గ్రంథాలయమునందలి సూచిక

అర్జెంటీనా దేశమున 1899లో జనించి 1986లో దివంగతుఁడైన హోర్హె లూయిస్ బోర్హెసు స్పానిషుభాషలో రచించిన కథలలో ‘బేబెలు గ్రంథాలయము’ మిక్కిలి ప్రసిద్ధము. 1941లో వెలువడిన యీ కథను అనంతత్వమునుగూర్చిన స్వప్నముగాఁ బఠించుట పరిపాటి. అది తప్పు గాదు గాని చాలదు. 1937 మొదలు కొన్నియేండ్లు బోర్హెసు బ్వేనోస్ ఐరెస్ నగరమందలి యొక పురపాలక గ్రంథాలయమున సూచికలు సిద్ధపఱచు పనిలో నుండెను. గ్రంథభాండాగారము తన్నుఁ దాను వర్ణించుకొనఁ బూనినచో నేమగునను ప్రశ్న యట్టివానికిఁ గేవలము స్వప్నము గాదు, దినకృత్యము.

కథలోని గ్రంథాలయము షడ్భుజాకారపు గదుల పరంపర. ప్రతి గ్రంథమునకు 410 పుటలు, పుటకు 40 పంక్తులు, పంక్తికి సుమారు 80 అక్షరములు. వర్ణములు 22, కామా, బిందువు, ఖాళీచోటు, ఇట్లు గుర్తులు 25. వీని కూర్పులన్నియు నచటఁ గలవు. ఏ రెండు గ్రంథములు నొక్కటి గావు. అందు యథార్థసూచిక కలదు. వేలకొలఁది యయథార్థసూచికలు కలవు. వాని యసత్యత్వమును నిరూపించు గ్రంథములు కలవు. యథార్థసూచికయు నసత్యమే యని నిరూపించు గ్రంథమును గలదు.

1901లో బెర్ట్రండు రస్సెలు కనుఁగొనిన విరోధమును గ్రంథాలయభాషలో నిట్లు చెప్పవచ్చును. తమ పేరు తమలోఁ జేర్చుకొనని సూచికల కన్నిటికి నొక సూచికను వ్రాసినచో, అది తన పేరు చేర్చుకొనునా? చేర్చుకొన్నచోఁ జేరఁదగదు, చేర్చుకొననిచోఁ జేరవలయును. రస్సెలు 1908లోఁ బ్రకటించిన పరిహారము నిషేధరూపము. భాషకు మెట్లు గట్టి, ఏ మెట్టునందలి మాటయుఁ దన మెట్టునుగూర్చి పలుకరాదనెను. బోర్హెసు దేనిని నిషేధింపలేదు. అతని గ్రంథాలయము భద్రపఱచునది యక్షరములనే కాని యర్థములను గాదు. తామే యా విరుద్ధసూచిక లని చెప్పుకొను గ్రంథము లచట నెన్నియైన నుండవచ్చును. అవి యేవియు సత్యములు గానేరవు, అంతియే. అలమార కూలదు.

ఈ క్షేమమునకు వెల పెద్దది. ఒక గ్రంథమున నిముడు గుర్తులు 13,12,000. గ్రంథముల సంఖ్యయో, 25ను అన్నిమాఱులు వేసి గుణింపఁగా వచ్చునది. దానిని వ్రాయుటకు 18,34,098 అంకెలు కావలయును. ఇన్నింటిలో నొక గ్రంథమును దక్కినవానినుండి వేఱుపఱచు గుర్తు సామాన్యముగా నా గ్రంథమంత పొడవుండక తప్పదు. అనఁగా సూచికలో నొక్కొక్క పద్దునకు నొక్కొక్క సంపుటము! అట్టి సూచిక గ్రంథాలయముకంటె వేఱు గాదు. దాని సంపుటములను వరుసఁ బెట్టుటకు మఱియొక సూచిక కావలయును, అనవస్థ. ఒక గ్రంథమును గనుఁగొనుటకు మఱియొకదానిని, దానిఁ గనుఁగొనుటకు వేఱొకదానిని వెదకుమను నుపాయమును గథలోనే కాననగును. తంజావూరు సరస్వతీమహలు సూచికను జేతఁబట్టి తాళపత్రమును వెదకినవారికి, సూచికకు మొదటి గుణము సంక్షేపమని చెప్ప నక్కఱలేదు.

సంస్కృత వ్యాకరణశాస్త్రమున నీ చిక్కు అపరిచితము గాదు. భర్తృహరి వాక్యపదీయము మూఁడవ కాండమున, సంబంధసముద్దేశమందు, తాను పలుకున దంతయు మిథ్య యనువాని వాక్యమును బరీక్షించెను. ఆ వాక్యమును దానికే యన్వయించుట వివక్షితము గాదనియు, వాచకముగాఁ బ్రవర్తించుచున్న శబ్దము అప్పుడే వాచ్యము గాదనియు నాతని నిర్ణయము. రస్సెలు మెట్లు శాశ్వతములు. భర్తృహరి చూపిన భేదము వ్యాపారకాలమునకుఁ జెందినది. ఇప్పుడు వాచకమైనది పిమ్మట వేఱొకదానికి వాచ్యము గావచ్చును. ఒక సూచిక మఱియొక సూచికలోఁ జేరుట లోకమున నిట్లే జరుగుచున్నది. ఈ దృష్టితోఁ జూచినచో బేబెలు గ్రంథములకు వక్త లేఁడు, వివక్ష లేదు. కావున యథార్థసూచిక, అయథార్థసూచిక యను విభాగము వానియందుఁ గాక చదువరి తలంపునందే యున్నది. మీమాంసకు లపౌరుషేయవాక్యమునకుఁ బ్రామాణ్య మొప్పుకొనిరి గదా యని యాక్షేపింపవచ్చును. అచట బాధకము లేకుండుటయే బలము. ఇచటఁ బ్రతివాక్యమునకు దానివలెనే వక్తలేని ఖండనము ప్రక్కగదిలోఁ గాచుకొనియుండును.

వక్త యొక్కఁడు గలఁడు: కథకుఁడు. తన లేఖ యిదివఱకే యేదో గ్రంథమునఁ గలదనియు, దాని ఖండనమును గలదనియు నతఁడే చెప్పును. ఇట్లు చెప్పియు నా లేఖ యెట్లు నిలిచినది? అది పుటలలోనిది గాదు. ఒక గ్రంథపు టట్టమీఁది చేతివ్రాత. అట్ట 410 పుటల లెక్కకు రాదు. ఆ యక్షరములే లోపల నచ్చులో నున్నచో వక్తలేని రాశి. అట్టమీఁద నున్నచో వాక్యము. ఇదిగాక, మూలప్రతిలో నంకెలుగాని పెద్దయక్షరములుగాని లేవని ‘సంపాదకుని’ పేర నొక టిప్పణి కలదు. హాస్యమని విడువఁదగినట్లు దోఁచు నీ టిప్పణి యింకొక మెట్టు వెలుపలిది. నిషేధము లేని గ్రంథాలయమునఁ బలుకువానికి బోర్హెసు చూపిన చోటు ఈ వెలుపలిదే. కథకుఁడు మాత్రము దీనిని బాటింపఁడు. లోపలి యక్షరముల సౌష్ఠవముతోఁ బోల్చి తన వంకరవ్రాతను నిందించుకొనుటకే యా యట్టను బేర్కొనును.